రెండు ముక్కల వేషం

మొన్న కాకినాడలో మా పిన్ని కూతురు మంచం మీద బోర్లా పడుకుని ఫోనులో ఏదో పాత కొరియా సినిమా చూస్తోంది. పక్కన కూచుని చిక్కుడుకాయల ఈనెలు తీస్తున్న నేను ఊరికే తలెత్తాను. తెర మీద గడియారాలు బాగుచేసే కొట్టు. హీరో పరుగెత్తుకుంటూ వచ్చి దారి అడిగాడు. కంటికి భూతద్దం తగిలించుకున్న కొట్టు మనిషి తల ఎత్తకుండానే, చేతిలో ఉన్న చిన్న స్క్రూడ్రైవరుతో కుడివైపు చూపించాడు. అంతే. హీరో వెళ్ళిపోయాడు. ఆ మనిషి మళ్ళీ కనపడలేదు.

"ఒసే, ఆయన మా ఇంట్లో అన్నం తిన్నాడే!" అన్నాను.

అది గబుక్కున లేచి కూచుంది. "ఎవరు? హీరోనా?"

"కాదు. ఆ గడియారాలాయన."

"ఓస్, అతనా," అని మళ్ళీ బోర్లా పడుకుంది.

నాకింకా పద్దెనిమిదేళ్ళే. ఈ వయసుకే చిన్నతనం కబుర్లేమిటని పెద్దవాళ్ళు నవ్వుతారు. కానీ దుబాయ్‌లో పెరిగిన పిల్లల చిన్నతనం వీసాతో పాటే ఖలాస్ అయిపోతుంది. సామాను అట్టపెట్టెల్లోకి ఎక్కుతుంది, అద్దె ఇంటి తాళాలు వాచ్‌మన్ చేతికి వెళ్తాయి, ఇక ఆ ఊరు మనది కాదు. మేమున్న బిల్డింగునైతే పడగొట్టేశారట కూడా. చూద్దామన్నా లేదు.

అందరం దుబాయ్ అనేవాళ్ళం గానీ మేమున్నది ఉమ్ అల్ క్వైన్‌లో. మా వైపు ఆకాశాన్నంటే మేడల్లేవు. మూడంతస్తుల పాత బిల్డింగు, కింద సరుకులమ్మే బఖాలా కొట్టు, నాలుగు సందులు దాటితే చెక్క లాంచీలు ఆగే రేవు. పొద్దున్నే కిటికీ తీస్తే ఉప్పుగాలి, లాంచీల డీజిలు, చేపల మార్కెట్టు, మూడూ కలిసిన వాసన గదిలోకి వచ్చేది. అమ్మ దానికి తోడు ఎండు నెత్తళ్ళు వేయించేది. పైవాటా వాళ్ళు దబదబా కిటికీలు మూసుకునేవాళ్ళు. "మూసుకోనీ, మన ముక్కులు బానే ఉన్నాయి కదా," అనేది అమ్మ.

నాన్న ఒక ట్రాన్స్‌పోర్టు కంపెనీలో మినీబస్సు నడిపేవాడు. అమ్మ స్కూలు బస్సులో పిల్లల్ని ఎక్కించి దించే పని చేసేది. అవి మాస్కుల రోజులు. సగంమంది పిల్లలు ఇళ్ళలోంచే చదువుకుంటున్నారని ఆ ఏడాది అమ్మని మానిపించారు. నాక్కూడా ఒక వారం స్కూలు, ఒక వారం ఫోను. ఆ ఫోను వారాల్లోనే నేను కొరియా సీరియళ్ళు మరిగాను. కింద పడే కొరియా అక్షరాలు చూసి చూసి, ఆ లిపి కూడా నేర్చేసుకున్నాను. వారం పట్టలేదు. అర్థం తెలీకపోయినా గడగడా చదివేసేదాన్ని.

"మీ కూతురికి కొరియా అక్షరాలొచ్చేశాయండీ," అని అమ్మ నాన్నకి ఫిర్యాదు చేసేది. "నేను తెలుగులో రాసిన సరుకుల చీటీ మాత్రం చదవలేదు. కందిపప్పు అని రాస్తే బఖాలా వాడికి చూపించి ఇదేంటని అడిగిందంట. ఆ మలయాళీ ఆయనకేం తెలుస్తుంది, పాపం."

ఆ చలికాలంలోనే మా రేవుకి కొరియా సినిమావాళ్ళు వచ్చారు.

కథలో ఒక కుర్ర నావికుడు గల్ఫు రేవులో చిక్కుబడిపోతాడు. అక్కడ ఒక లాంచీలో ముప్పై ఏళ్ళుగా వంట చేసుకుంటూ, ఇంటికి వెళ్ళకుండా ఉండిపోయిన ముసలి కొరియావాడు తగులుతాడు. ఆ ముసలి వేషం వేసే ఆయన్ని హోటలు నుంచి రేవుకి తీసుకెళ్ళి తీసుకురావడం నాన్న డ్యూటీ. మిగతావాళ్ళంతా ఎనిమిదింటికి వస్తే ఆయన ఆరింటికే బయల్దేరేవాడు. బస్సులో ఆయనొక్కడే.

"డెబ్భై దాటిన మనిషి. రేవులో దిగి తిన్నగా చేపల మార్కెట్టుకెళ్ళి, చేపలు కోసే అబ్బాయి ముందు గంటసేపు నిలబడతాడే," అని నాన్న ఆశ్చర్యపోయి చెప్పాడు. "నిన్న కత్తి అడిగి తీసుకుని తనే కోశాడు. మా మేనేజరు ముదీర్‌కి చెబితే, పిచ్చివాడా ఏంటి అన్నాడు."

శుక్రవారం సెలవు కదా అని నన్నూ ఎక్కించుకున్నాడు నాన్న. పెద్దాయన బక్కగా, పొట్టిగా, మన బ్యాంకు గుమాస్తాలా ఉన్నాడు. నన్ను చూసి తలొంచి దణ్ణం పెట్టి సీట్లో కూచుని, ఒళ్ళో కాగితాలు తెరిచాడు. నేను వెనక సీటులోంచి మెడ చాచి పైకే చదివేశాను.

ఆయన బస్సంతా కలయజూశాడు, ఎవరు చదివారా అని. నేనేనని తెలిసి పగలబడి నవ్వాడు. నాకు వచ్చిన కొరియా మాటలన్నీ సీరియల్లోవి. తిన్నారా, ఏడవకండి, నన్ను మర్చిపో. ఆయనకి కొంచెం ఇంగ్లీషు వచ్చు. ఆ కాస్తతోనే సంగతి తేలింది. కాగితంలో కుర్రవాడి మాటలు నేను చదవాలి, ముసలివాడివి ఆయన చెబుతాడు. మనవరాళ్ళు తాతగారిని పిలిచే కొరియా పిలుపు నాకు తెలుసు. "హరబొజి," అని పిలిచాను. ఆయన మొహం ఎంత వెలిగిందో!

అలా మొదలైంది. ఫోను వారం వస్తే రోజూ బస్సులోనే నా క్లాసు. కెమెరా కట్టేసి, ఫోను సీటు మీద పెట్టి, కాగితాలు చదివేదాన్ని. ఒకసారి సైన్సు మేడమ్ నా పేరు పిలిస్తే, ఆ ఊపులో "నే!" అనేశాను. కొరియాలో చిత్తం అన్నట్టు. మేడమ్ "వాట్?" అంది. పక్కనుంచి పెద్దాయన, నేను సరిగ్గా పలకలేదనుకుని, ఇంకా మర్యాదగా ఎలా అనాలో గట్టిగా అని చూపించాడు. "మీ ఇంట్లో ఎవరైనా ఉన్నారా?" అంది మేడమ్. "తాతగారు," అన్నాను.

యూనిట్లో ఒక అసిస్టెంటు అక్క ఉండేది. ఇంగ్లీషు బాగా మాట్లాడేది, నాకు చాక్లెట్లు ఇచ్చేది. తాతగారి సంగతులన్నీ ఆమే చెప్పింది. నలభై ఐదేళ్ళుగా సినిమాల్లో ఉన్నాడట. వంద పైచిలుకు సినిమాలు. ఒక్క వేషానికీ పేరు లేదు. రెండో కానిస్టేబులు, పల్లెటూరి డాక్టరు, హీరో పక్కింటాయన, మూడో దొంగ. "మా దేశంలో అందరికీ ఆయన మొహం తెలుసు, పేరు ఎవరికీ తెలీదు," అంది. "మా డైరెక్టరు చదువుకునే రోజుల్లో తీసిన చిన్న సినిమాలో ఆయన ఊరికే నటించి పెట్టాడు. అందుకని ఈసారి పెద్ద సీను రాశాడు. మూడు పేజీలు. ఇంటికి ఎందుకు వెళ్ళలేదో ముసలివాడు చెప్పేది. ఆయన జీవితంలో అంత పెద్ద డైలాగు ఇదే."

ఆ మూడు పేజీలే మేం రోజూ చెప్పుకునేది.

నాలుగు రోజులయ్యాక నాకు ఒకటి తెలిసింది. ఆయన మర్చిపోతున్నాడు. ఊరికే తడబడడం కాదు. బాగా చెబుతూ చెబుతూ ఒక్కసారిగా ఆగిపోయి, కిటికీలోంచి చూసేవాడు. మోకాలి మీద వేళ్ళతో తట్టుకునేవాడు. కళ్ళలో భయం కనిపించేది. నేను కాగితం చూపించబోతే వద్దని చెయ్యి అడ్డం పెట్టేవాడు. నేను గమనించానని తెలిశాక, వేలు పెదాల మీద పెట్టుకుని, రేవు వైపు, యూనిట్ టెంట్ల వైపు చూపించాడు. వాళ్ళకి చెప్పకు అని. నేను తలూపాను. అద్దంలోంచి నాన్న చూస్తూనే ఉన్నాడు.

"మా మేనమామ కూడా ఇలాగే," అన్నాడు నాన్న ఇంటికొచ్చాక. "హరికథ చెబుతూ మధ్యలో ఆగిపోయేవాడు. మనకెందుకమ్మా, నువ్వు చదివిపెట్టు. ఎవరితోనూ అనకు."

ఒకరోజు షూటింగు తొందరగా అయిపోయింది. దారిలో మా బిల్డింగు చూపించి, అది మా ఇల్లు అన్నాను. ఆయన దిగిపోయాడు. నాన్న కంగారుపడి అమ్మకి ఫోన్ చేశాడు. మెట్లెక్కుతుంటే నెత్తళ్ళ వాసన. నాకు సిగ్గేసింది. ఆయన మాత్రం గుమ్మంలో ఆగి, కళ్ళు మూసుకుని గట్టిగా వాసన పీల్చాడు. వాళ్ళ ఊళ్ళోనూ ఇవే తింటారట, ఇంతే చిన్నవి. అమ్మకి అంతకంటే ఏం కావాలి! వంజరం పులుసు, నెత్తళ్ళ వేపుడు, ముద్దపప్పు అన్నీ వడ్డించింది. పులుసు ఆయన గిన్నె ఎత్తుకుని తాగేశాడు.

మర్నాడు బదులుగా సముద్రపు నాచు ఒక ప్యాకెట్టు పంపాడు. అమ్మ ఒక రేకు తీసి వెలుతురుకి పట్టి చూసింది. "ఇదేంటే, కార్బన్ పేపరులా ఉంది? దీంతో ఏం రాసుకోవాలంట?"

నేను చేసిన పని ఇక చెప్పాలి.

ఆ మర్నాడు టెంటు దగ్గర అసిస్టెంటు అక్క నాకు చాక్లెట్టు ఇచ్చి, "తాతగారూ నువ్వూ రోజూ బస్సులో ఏం చేస్తారు?" అంది నవ్వుతూ. ఆమె నన్ను పెద్దదానిలా చూసి అడిగిన మొదటి మాట అది. నాకు గర్వం తన్నుకొచ్చింది.

"డైలాగులు ప్రాక్టీసు చేయిస్తాను," అన్నాను. "మొదట్లో చాలా మర్చిపోయేవారు. నేను రోజూ చదివిస్తున్నాను కదా, ఇప్పుడు మూడు చోట్లే మర్చిపోతున్నారు."

ఆమె నవ్వు ఆగిపోయింది. "మూడు చోట్లా?" అంది. అప్పుడు తెలిసింది నాకు, నోరు జారానని. ఆమె "థాంక్యూ," అని ఇంకో చాక్లెట్టు చేతిలో పెట్టి డైరెక్టరు టెంటు వైపు వెళ్ళింది. ఆ చాక్లెట్టు కూడా తిన్నాను. ఏం చెయ్యాలో తెలియక తిన్నాను.

రెండు రోజుల తర్వాత పసుపు కాగితాలు వచ్చాయి. సీను మారితే పసుపు రంగు కాగితం మీద అచ్చు వేసి ఇస్తారు. ముసలివాడు చెప్పాల్సిన మాటలన్నీ ఒక ఉత్తరంగా మార్చేశారు. ఆ ఉత్తరం కుర్ర నావికుడికి దొరుకుతుంది, హీరోనే చదువుతాడు. ముసలివాడికి మిగిలినవి రెండు ముక్కలు. "వచ్చావా." "అన్నం తిని వెళ్ళు."

ఆయన బస్సులో ఆ కాగితం చదవడానికి నిమిషం పట్టలేదు. వెనక్కి తిప్పి చూశాడు. ఏమీ లేదు. నాన్న రేడియో కట్టేశాడు. తర్వాత ఆయన కాగితం నా చేతికిచ్చి, చదవమని సైగ చేశాడు. ఇప్పుడు కుర్రవాడి భాగమంటే ఆ ఉత్తరమే. ఆయన మాటలే.

చదివాను. ఆయన కళ్ళు మూసుకుని, తలూపుతూ విన్నాడు. మధ్యలో ఒక పొడుగాటి మాట దగ్గర నా నాలుక తిరగలేదు. రెండుసార్లు ప్రయత్నించి ఆగిపోయాను. ఆయన కళ్ళు తెరవకుండానే ఆ మాట అందించాడు. దాని తర్వాతి వాక్యం కూడా. దాని తర్వాతిదీ. చివరిదాకా, ఎక్కడా ఆగకుండా చెప్పాడు. అయ్యాక మోకాళ్ళ మీద చేతులు పెట్టుకుని, "అన్నం తిని వెళ్ళు," అన్నాడు, తన వంతు వచ్చినట్టు.

నేను మాస్కు కళ్ళదాకా లాక్కున్నాను.

ఆ సాయంత్రం తనే మా ఇంటికి వస్తానన్నాడు. అమ్మ వడ్డిస్తుంటే నా చేత అడిగించాడు. ఇంటికొచ్చిన మనిషిని తిని వెళ్ళమని ఎలా అంటారు మీరు?

"ఎలా అంటానేంటి? తిని వెళ్ళమంటాను," అంది అమ్మ.

అని చూపించమన్నాడు. అమ్మ చీర సర్దుకుని, చేతులు కట్టుకుని, పద్యం అప్పజెప్పినట్టు "అన్నం, తిని, వెళ్ళండి," అంది. నాన్నా నేనూ పడీ పడీ నవ్వాం. తాతగారు నవ్వలేదు, మర్యాదగా తల అడ్డంగా తిప్పాడు.

కాసేపటికి పక్కవాటా రాజోలు అన్నయ్య అరువు తీసుకెళ్ళిన స్పానరు తిరిగి ఇవ్వడానికి వచ్చాడు. అమ్మ పొయ్యి దగ్గర ఉంది. వెనక్కి తిరక్కుండానే, గరిటె తిప్పుకుంటూ, "అన్నం తినెళ్ళు తమ్ముడూ," అంది. "వద్దక్కా, డ్యూటీ ఉంది," అని అతను వెళ్ళిపోయాడు.

తాతగారు చేతిలో ముద్ద అలాగే పట్టుకుని వేలు ఎత్తాడు. అదీ, అన్నట్టు.

షూటింగు రోజు లాంచీ వంటగది ఇరుకులో కెమెరా, లైట్లు, పదిమంది మనుషులు. నాన్నా నేనూ రేవు గట్టు మీద నిలబడి చెక్కల సందులోంచి చూశాం. హీరో లోపలికి వంగి వస్తాడు. తాతగారు ఒకసారి చూసి, "వచ్చావా," అంటాడు. మళ్ళీ పొయ్యి వైపు తిరిగి, చేపల గిన్నెలో గరిటె పెట్టి, వీపు మాత్రమే కనిపించేటట్టు, "అన్నం తిని వెళ్ళు," అంటాడు. హీరోకి చెమట పట్టిందనీ, వెలుతురు మారిందనీ ఏడుసార్లు తీశారు. ఏడుసార్లూ ఆయన ఆ మనిషిని అప్పుడే చూసినట్టు చూశాడు. చివర్లో డైరెక్టరు ఓకే అన్నాడు. ఎవరూ చప్పట్లు కొట్టలేదు. లైట్లు వేరేచోటికి మోసుకుపోయారు.

నాన్న బస్సు తాళాలు చేతిలో తిప్పుకుంటూ అలాగే నిలబడ్డాడు. "ఏం చేశాడే ఆయన? ఏమీ చెయ్యలేదు కదా," అన్నాడు. బస్సు వైపు నడుస్తూ, "నాకెందుకో ఆకలేస్తోంది," అన్నాడు.

ఆ సినిమా ఏడాది తర్వాత వచ్చింది. అప్పటికి మేం సామాను సర్దుకుంటున్నాం. నాన్న కంపెనీ బస్సులు అమ్మేసింది, వీసాలు ఆగిపోయాయి. గోడకి ఆనించిన పరుపు మీద ముగ్గురం కూచుని ఫోనులో చూశాం. "వచ్చావా" తీసేశారు. రెండో ముక్క ఉంది. "వీపే కదే చూపించారు," అని అమ్మ నొచ్చుకుంది. కాసేపటికి మళ్ళీ వెనక్కి తిప్పమంది. ఆ ముక్కని నాలుగుసార్లు చూసింది. తనలాగే అన్నాడని మేమంటే ఒప్పుకోలేదు. "నేనలా అంటానా? మొహం కూడా చూడకుండా? ఛ."

కాకినాడ వచ్చాక అమ్మే నాకు తెలుగు అక్షరాలు దిద్దించింది. సరుకుల చీటీలతోనే మొదలుపెట్టింది.

ఆయన వెళ్ళిపోయిన రోజు సంగతి ఇంకా చెప్పలేదు. దుబాయ్ ఎయిర్‌పోర్టుకి నాన్నే దింపాడు. అమ్మ నెత్తళ్ళు, కందిపొడి మూడు కవర్లలో చుట్టి ఇచ్చింది. ముందురోజంతా నేను ఫోనులో వెతికి, ఒక వాక్యం బట్టీ పట్టాను. షార్జా దాటాక ధైర్యం తెచ్చుకుని అప్పజెప్పాను. మీరు మర్చిపోతున్నారని వాళ్ళకి చెప్పింది నేనే. నన్ను క్షమించండి.

ఆయన నా వైపు తిరిగాడు. నేను తల దించుకున్నాను. తర్వాత నాకు అర్థం కావాలని ఒక్కో మాటా విడదీసి, సగం ఇంగ్లీషులో, సగం కొరియాలో అన్నాడు. "అది నా డైలాగు. వాళ్ళకి నేను చెప్పాల్సింది. నువ్వు చెప్పేశావు."

కోపంగా అనలేదు. నవ్వుతూనూ అనలేదు.

ఆ తర్వాత కొరియాలోనే మాట్లాడడం మొదలుపెట్టాడు. నాకు అర్థం కాదని ఆయనకి తెలుసు. అయినా చెప్పాడు, మెల్లగా, ఎక్కడా ఆగకుండా, బస్సు ఎయిర్‌పోర్టు వంతెన ఎక్కేదాకా. అందులో నాకు తెలిసిన మాటలు నాలుగే. మొదటిసారి. భయం. డైరెక్టరు. అమ్మ. మిగతాదంతా చప్పుడే. ఆయన గొంతు వింటే మధ్యలో అడ్డు రాకూడదనిపించింది. "నే, నే," అంటూ తలూపాను. దిగేటప్పుడు నా తల మీద చెయ్యి పెట్టాడు. నాన్నకి తలొంచి దణ్ణం పెట్టి, చిన్న పెట్టె లాక్కుంటూ లోపలికి వెళ్ళిపోయాడు.

తిరిగొచ్చేటప్పుడు నాన్న అడిగాడు. "అంతసేపు ఏం చెప్పాడే?"

నాకు తెలీదని చెప్పలేకపోయాను. "మనందర్నీ వాళ్ళ ఊరు రమ్మన్నారు నాన్నా," అన్నాను.

"నిజంగానా?" అని నాన్న అద్దంలోంచి నన్ను చూశాడు. ఇంత వెడల్పున నవ్వాడు.

ఆ అబద్ధం ఇప్పటికీ సరిదిద్దలేదు. నాన్న ఇక్కడ కాలేజీ బస్సు నడుపుతున్నాడు. ఎవరైనా కొరియా పేరెత్తితే చాలు, "మాకు అక్కడ పెద్దాయన ఒకరున్నారండీ, రమ్మని పిలిచారు. మా అమ్మాయి చదువవ్వగానే వెళ్దామనుకుంటున్నాం," అని చెబుతాడు. అమ్మ పక్కనుంచి, "వెళ్ళేటప్పుడు నెత్తళ్ళు తీసుకెళ్ళాలి," అంటుంది.